రెల్లు చప్పుడు

బస్రాలో కొడుకింటికి వచ్చాక నష్మియాకు కారు హారన్లు వినిపించవు, గాలి తిరిగితే మాత్రం తల పక్కకు వంచుతుంది. చిత్తడి నేలలు ఎండి, గేదెల్ని అమ్ముకుని వచ్చిన మనిషి. నిన్న సాయంత్రం మేడ మీద బట్టలు తీస్తుంటే పక్కింటి ఖర్జూర మట్టల పందిరి గలగలలాడింది. రెల్లు చీల్చుకుని గేదె వచ్చే చప్పుడే అది. బుట్ట వదిలేసి, పిట్టగోడ పట్టుకుని, "హోయ్ సౌదా! పొద్దుపోయిందే, రా తల్లీ!" అని గొంతెత్తి పిలిచింది.

"అత్తయ్యా, అది పక్కింటివాళ్ల పందిరి! సౌదాని అమ్మేశాం కదా!" కోడలు నవ్వింది.

"నాకు తెలీదటే? తెలిసేలోపే పిలిచేశాను."

అయినా నష్మియా పిట్టగోడ వదల్లేదు. పిలిచాక, గేదె తిరిగి పలికేదాకా కదలకపోవడం ఆమెకు అలవాటు.