కొమ్మ లేని పిట్ట

మా బావ ఎవాల్డ్ క్వాంట్ పిట్టల్ని నిలబెట్టేవాడు. పెట్టెల్లో వచ్చిన ఎండు చర్మాన్ని తడిపి, మెత్తబరిచి, లోపల నార కూరి, కాళ్ళలోంచి ఇనుపతీగ పోనిచ్చి, గాజుకళ్ళు పెట్టి, దాన్ని మళ్ళీ పిట్టను చేసేవాడు. ముప్పయ్యేళ్ళలో రెండువేలకు పైగా నిలబెట్టాడు. వాటిలో సగాన్ని ఆయన ప్రాణంతో చూడలేదు. చూసినవాడు వేరే ఉన్నాడు.

ఆ చూసినవాడు యోస్ట్ రోర్‌బెక్. ఇద్దరిదీ ఒకే వీధి. చిన్నప్పుడు ఒకే చెట్లెక్కి ఒకే గూళ్ళు చూశారు. తోలు ఒలిచే చెయ్యి బావది, లాటిన్ యోస్ట్‌ది. మా ఊరి ప్రకృతిశాస్త్ర సంఘం బ్రెజిల్ నదుల మీదికి ఒకణ్ణి పంపాలనుకున్నప్పుడు ఇద్దరికీ లాటిన్‌లో పరీక్ష పెట్టింది. తోలు ఒలవమని ఎవరూ అడగలేదు.

"పిట్టకు లాటిన్ వచ్చా?" అన్నాడు బావ ఇంటికొచ్చి.

యోస్ట్ పదకొండేళ్ళు అక్కడ తిరిగాడు. ఏటా ఆకులు రాలే వేళకు పెట్టెలు వచ్చేవి. నేను వడ్రంగిని. పిట్టలకు పీటలూ కొమ్మలూ నేనే చేసిపెట్టేవాణ్ణి. మా ఇద్దరి బల్లలూ ఒకే గదిలో, ఒకే కిటికీ కింద. పొద్దున కాఫీ తాగేటప్పుడు మా అక్క ఒటీలియె పేపర్లో పడ్డ యోస్ట్ ఉత్తరాలు చదివి వినిపించేది.

"'నది మూడడుగులు పెరిగింది. నాకు జ్వరం తగ్గలేదు.' పాపం, చూడు."

"జ్వరం కూడా పేపర్లో వేయించుకుంటున్నాడు" అన్నాడు బావ. "నాకొస్తే ఎవరికి తెలుస్తుంది?"

"నీకొస్తే వీధి వీధంతటికీ తెలుస్తుంది. అలా మూలుగుతావు."

ప్రతి పిట్ట కాలికీ ఒక చీటీ కట్టి ఉండేది. ఊరు, తేదీ, మగదో ఆడదో, కంటిరంగు. పిట్ట చచ్చిన కాసేపటికే కంటిరంగు పోతుంది. అందుకని కొట్టినవాడు అక్కడికక్కడే రాసుకోవాలి. దాన్ని బట్టే బావ గాజుపనివాళ్ళ ఊరు లౌషా నుంచి వచ్చిన గాజుకళ్ళలో సరైన జత ఏరేవాడు. 'కన్ను: తేనెరంగు' అని ఉంటే ఆ చీటీ పట్టుకుని కిటికీలోంచి చూస్తూ ఉండిపోయేవాడు. కిటికీ అవతల ఉన్నది రంగులద్దేవాడి గోడ.

ఆఖరి ఏడాది పెట్టెలో, అడుగున, కొత్త పిట్ట ఒకటి వచ్చింది. గుప్పెడంత. రొమ్ము తుప్పురంగు. చీటీ మీద ఊరుంది, తేదీ ఉంది, మగదని ఉంది. కంటిరంగు దగ్గర ఖాళీ.

"మరిచిపోయినట్టున్నాడు" అన్నాను.

"వాడా?" అన్నాడు బావ. పదకొండేళ్ళలో ఒక్కసారీ మరవలేదు.

బావ గోధుమరంగు గాజుకళ్ళు పెట్టి, కాళ్ళ దగ్గరికి వచ్చాడు. రెండు రోజులు ఆ కాళ్ళే చూశాడు. వెనకవేలు పొడుగు. దాని గోరు కొక్కెంలా వంపు తిరిగి ఉంది. మడమ మెత్తలో చెట్టుబంక ఎండిపోయి, అందులో ఆవగింజంత బెరడుముక్క.

"వెండెలిన్, బొటనవేలి లావున ఒక కొమ్మ చెయ్యి. ఏటవాలుగా."

బీచ్ చెట్టు కర్రతో చేశాను. పిట్టను దాని మీద నిలబెట్టడానికి తొమ్మిది రోజులు పట్టింది ఆయనకు. పిట్ట కొమ్మను గట్టిగా పట్టుకుని, ఒంటిని కాస్త ముందుకు వాల్చి, కింద ఏదో కదిలితే చూస్తున్నట్టు నిలబడింది. బావ రెండడుగులు వెనక్కి వేసి చూశాడు. తప్పు పట్టలేదు. ఆయన తన పనిలో తప్పు పట్టకపోవడం నేను అదే మొదటిసారి చూడడం.

వసంతంలో యోస్ట్ తిరిగొచ్చాడు. సంఘం హాల్లో చేతికర్రతో అద్దాల బీరువాల పక్కనుంచి నడుస్తుంటే ఊరి పెద్దలంతా వెంట నడిచారు. ఆ పిట్ట ముందు ఆగాడు.

"ఇదేంటి ఎవాల్డ్, దీన్ని చెట్టెక్కించావు!"

అందరూ ముందుకు వంగారు.

"ఇది బురదలో పరుగెత్తే పిట్ట. చెట్టు మొహం చూడదు."

"క్వాంట్ గారు మన చెట్లు పట్టుకెళ్ళి బ్రెజిల్లో పాతారు" అన్నాడు మందులషాపాయన. నవ్వులు. సంఘం కార్యదర్శి మెల్లగా, "వచ్చే ఆదివారం మన సంస్థాన ప్రభువుగారు వస్తున్నారు. ఆలోగా మార్చెయ్యండి" అన్నాడు.

బావ టోపీ చేతిలో పట్టుకుని నిలబడ్డాడు.

మర్నాడు పొద్దున యోస్ట్ మా పనిగదికి వచ్చాడు. అక్క ఆయన ముందు ప్లమ్ పండ్ల కేకు పెట్టి వంటింట్లోకి వెళ్ళింది.

"మనసులో పెట్టుకోకురా" అన్నాడు యోస్ట్, మోకాలు రుద్దుకుంటూ.

బావ పిట్టను బల్ల మీద పెట్టి, పక్కన చీటీ పెట్టాడు.

"దీని కన్ను ఏ రంగురా?"

యోస్ట్ చీటీ వంక చూశాడు. "గోధుమరంగు. నువ్వు పెట్టావుగా."

"నేను పెట్టింది నాకు తెలుసు. నువ్వు చూసింది అడుగుతున్నా."

నా చిత్రిక ఆగింది. యోస్ట్ కేకు ముక్కను పళ్ళెం అంచుకు జరిపాడు.

"అప్పుడు జ్వరంతో పడక మీదున్నాను. వేటగాడొకడు తెచ్చాడు. చచ్చి రెండు రోజులైంది. కళ్ళు పోయాయి. ఎక్కడ దొరికిందంటే నది ఒడ్డున అన్నాడు. ఒడ్డంటే బురదే గదా అనుకున్నాను."

"కాలు చూడలేదా?"

"నువ్వు చూసినట్టు నేనెప్పుడు చూశానురా?" చీటీని వెనక్కి తోశాడు. "పుస్తకం అచ్చయిపోయింది. బురదలో పరుగెత్తుతుందని రాశాను. బొమ్మ కూడా వేశారు. ఎవరికీ చెప్పకు."

బావ చీటీ తీసి మళ్ళీ పిట్ట కాలికి కట్టాడు. యోస్ట్ వెళ్ళాక నేను ఆగలేకపోయాను.

"ఆదివారం ప్రభువుగారి ముందు ఒక్కమాట చాలు, బావా."

"మాటను సోమవారానికి మరిచిపోతారు" అన్నాడు. "నువ్వు బురద చెయ్యి."

సుద్దా జిగురూ కలిపి, పలకకు పట్టించి, మట్టిరంగు వేశాను. బావ పిట్ట కాళ్ళకు తడిగుడ్డ చుట్టి, రెండు రోజులుంచి, కొమ్మ నుంచి తీగ లాగేసి, బురద మీద నిలబెట్టాడు. నేల మీద నిలిచే పిట్టకు తడి ఆరకముందే వేళ్ళు చాపి, ఒక్కోదానికీ గుండుసూది గుచ్చి, ఆరేదాకా ఉంచాలి. సూదుల డబ్బా ఆయన మోచేతి పక్కనే ఉంది.

"సూదులు?" అన్నాను.

"అక్కర్లేదు."

వేళ్ళు కొమ్మను పట్టుకున్నప్పటిలాగే ముడుచుకుని ఎండిపోయాయి. పిట్ట బురద మీద గోళ్ళ కొనలతో, లేని కొమ్మను పట్టుకుని నిలబడింది.

ప్రభువుగారు చూసి ముందుకు వెళ్ళిపోయారు. ఊరు మాత్రం తాపీగా చూసింది. పిట్టకు కీళ్ళవాతం అన్నారు. క్వాంట్ చెయ్యి పోయింది అన్నారు. మరుసటి ఏడాది, మిగిలిన పెట్టెల పని సంఘం గోథా ఊరి మనిషికి ఇచ్చింది. బావకు అడవి కాపలావాళ్ళ నక్కలూ గుడ్లగూబలూ మిగిలాయి.

"ఆ కాళ్ళేవో సరిచెయ్యరాదూ. నీ పేరు పోతోంది" అంది అక్క.

"పోనీ."

ఎందుకో ఆమెకు తెలియదు. నాకు తెలుసు. నేను చెప్పలేదు.

యోస్ట్‌కు పతకం వచ్చింది. పుస్తకం రెండోసారి అచ్చయింది. ప్రతి ఆదివారం చర్చి నుంచి నేరుగా హాలుకు వెళ్ళేవాడు. మిగతా బీరువాల ముందు నిలబడి వచ్చినవాళ్ళకు నదుల కబుర్లు చెప్పేవాడు. ఆ ఒక్క బీరువా ముందు మాట ఆగేది. రొమ్ము చూడడు, రెక్క చూడడు. కాళ్ళే చూసేవాడు. తలుపు దగ్గర బావ నిలబడి ఉండేవాడు. వాన వచ్చినా మంచు కురిసినా ఒక్క ఆదివారం మానలేదు. ఆయన పిట్టను చూడడానికి వెళ్ళేవాడు కాదు. పిట్టను చూస్తున్నవాణ్ణి చూడడానికి వెళ్ళేవాడు.

ఆరో చలికాలం, ఒక ఆదివారం పొద్దున, యోస్ట్ రెండు చేతికర్రల మీద మళ్ళీ మా పనిగదికి వచ్చాడు. కూర్చోలేదు.

"ఆ వేళ్ళు విప్పెయ్యరా. జనం నిన్ను చూసి నవ్వుతున్నారు."

బావ నక్క పొట్టలో నార కూరుతున్నాడు. తలెత్తలేదు.

"నవ్వనీ. నువ్వు నవ్వట్లేదుగా."

యోస్ట్ వెనుదిరిగి వెళ్ళిపోయాడు. మెట్ల మీద కర్రల చప్పుడు దూరమైంది. బావ చేతిలో నార అలాగే ఉంది.

"ఎటు వెళ్ళాడు?" అన్నాడు.

నేను కిటికీలోంచి చూశాను. "హాలు వైపు."

బావ చేతులు తుడుచుకుని టోపీ అందుకున్నాడు.