రంగం పెద్దమ్మ చేసిన నల్ల ఉండలు

మా చిన్నప్పుడు కొత్తమాస నాడు వంటింటి గుమ్మం దగ్గర పిల్లలం పొద్దున్నుంచీ పడిగాపులు పడి ఉండేవాళ్ళం... లోపల రంగం పెద్దమ్మ నల్ల ఉండలు చేస్తూ ఉండేది.

కొత్తమాస అంటే ఉగాదికి ముందొచ్చే అమావాస్య. మా నరసన్నపేట వైపు ఉగాది కంటే అదే పెద్ద పండగ. పోయినవాళ్ళ పేరు చెప్పి ఆ రోజు కొత్త బట్టలు పెడతారు. వాళ్ళకి ఇష్టమైనవి వండి ఆ బట్టల ముందు ఉంచుతారు. అంతవరకూ ఎవరూ ఏదీ నోట్లో వేసుకోకూడదు. ఎంగిలి పడిందంటే ఆ వంట ఇక పెద్దలకి పనికిరాదు. మా కడుపులో ఎలకలు పరిగెడితే ఎవరికి పట్టింది...

పెద్దమ్మ మా నాన్న అన్నగారి భార్య. పెదనాన్న రంగంలో... అదేనండీ, రంగూన్లో... బియ్యం మిల్లులో పని చేసేవాడు. అరవై నాలుగులో, అక్కడి సర్కారు మిల్లులు లాక్కున్నాక, మనవాళ్ళంతా అక్కణ్ణించి వచ్చేయాల్సి వచ్చినప్పుడు పెద్దమ్మనీ, కొడుకు బాబు అన్నయ్యనీ ఓడెక్కించాడు. తన కాగితాలు తయారవలేదు, వెనక ఓడకి వస్తానన్నాడట. ఏడాదిపాటు ఉత్తరాలు వచ్చాయి. తరవాత అవీ ఆగిపోయాయి.

ఆవిడ తెచ్చుకున్న సామానులో ఒక పెద్ద రేకు డబ్బా నిండా కోకో పొడి ఉండేది. అక్కడ పక్కవాటాలో కేకులు చేసే ఒకావిడ నేర్పిందట ఆ విద్య. కొబ్బరి కోరి, బెల్లం వేసి లస్కోరా చేసి ఉసిరికాయంత ఉండలు కట్టేది. పంచదార పాకంలో కోకో, నెయ్యి వేసి నల్లగా నిగనిగలాడేదాకా కలిపేది. ఒక్కో ఉండనీ ఈనెపుల్లకి గుచ్చి అందులో ముంచి తీసేది.

మన ఎండలకి ఆ పూత ఓ పట్టాన గట్టిపడదు కదా... పళ్ళేన్ని నీళ్ళకుండల పక్కన తడి ఇసకలో పెట్టేవారు. విసనకర్ర ఊపడం మా పని. చాక్లెట్ అన్న మాట మాకు తెలీదు, మాకవి నల్ల ఉండలే. ముందు కాస్త చేదు, ఆ వెనకే కొబ్బరి తీపి... పెదనాన్నకి అవంటే ప్రాణమట.

అరవైల చివర్లో ఒక కొత్తమాసకి డబ్బా అడుగంటింది. ఆమదాలవలస బజారులో నాన్న కొట్టుకొట్టుకీ తిరిగి అడిగితే, కోకో అంటే ఏమిటని ఎదురడిగారట. ఉన్న కాస్తా గీకి పెద్దమ్మ ఆ ఏడు ఉండలు చేసింది. నాకప్పుడు ఎనిమిదేళ్ళు.

నట్టింట్లో మామ్మ, అంటే నాన్నగారి అమ్మ, పీటల మీద బట్టలు సర్దుతోంది. మా తాతయ్యకి ఎప్పుడూ పెట్టే పంచె... దాని పక్కన ఇంకో కొత్త పంచె. అమ్మ దాన్ని చూసి నిలబడిపోయింది. నాన్నకి కొన్నారు కాబోలనుకున్నాను నేను.

"ఒరే బాబూ, ఆ నల్లుండలు ఇలాగ తే. మీ అయ్యకి నీ సేత్తో పెట్టు నాయనా" అంది మామ్మ.

అన్నయ్యకి పదేళ్ళు. పళ్ళెం పట్టుకుని వీధి గుమ్మం వైపు చూశాడు. "అయ్యొచ్చినాడా మామ్మా?" అని అడిగాడు.

ఆ మాట వంటింట్లోకి వినబడింది. పెద్దమ్మ కోకో చేతులతోనే వచ్చింది. పీట మీది పంచె చూసింది.

"ఏటత్తా ఇది?"

"రాత్రి కల్లోకొచ్చినాడే. అమ్మా, ఆకలేస్తన్నాదని ఏడిసినాడు. సచ్చినోడికి పెట్టకపోతే ఆకలితో తిరుగుతాడే. పెట్టనీ."

మామ్మ మీద నాకు చాలా ఏళ్ళు కోపం ఉండేది. నాకు పిల్లలు పుట్టాక పోయింది. కన్నకొడుకు ఆకలి అంటే ఏ తల్లి ఊరుకుంటుంది?

పెద్దమ్మ అన్నయ్య చేతిలోని పళ్ళెంలోంచి ఒక ఉండ తీసింది. సగం కొరికి, మిగతా సగం మళ్ళీ అందులోనే పడేసింది.

మా ఇంట్లో అంతటి పని అంతకుముందు ఎవరూ చేసి ఉండరు. నాన్న తల దించుకున్నాడు.

"ఎంగిలైపోనాది అత్తా. ఇంక పెట్టకూడదు" అంది పెద్దమ్మ నెమ్మదిగా.

మామ్మ తిడుతుందనుకున్నాం. తిట్టలేదు. "ఆడు బతికున్నాడంటావేటే?" అని అడిగింది... ఎదురుగా ఉన్న మనిషి కాళ్ళు పట్టుకున్నట్టు.

"నాకు తెలీదత్తా. సచ్చిపోనాడని ఎవులూ సెప్పనేదు. కబురొస్తే నానే పెడతాను."

మామ్మ ఆ పంచె ఒళ్ళో వేసుకుని చాలాసేపు ఏడ్చింది. తరవాత మడతపెట్టి పెట్టెలో దాచేసింది. ఉండలన్నీ పెద్దమ్మ మాకే పంచేసింది. ఎంత ఆశపడ్డామో అవంటే... ఆ పూట మాత్రం చేతుల్లోనే పట్టుకుని కూర్చున్నాం.

పెదనాన్న రాలేదు. కబురూ రాలేదు. ఊళ్ళో అమ్మలక్కలు ఎన్ని అన్నా పెద్దమ్మ బొట్టు చెరపలేదు, బొట్టుతోనే పోయింది. ఇప్పుడు కొత్తమాసకి ఆవిడకి బాబు అన్నయ్య చీర పెడుతున్నాడు. లెక్కకి పెదనాన్నకి తొంభై దాటి ఉంటాయి. మొన్న పండక్కి, పక్కన ఒక పంచె కూడా పెట్టేద్దామా అని ఉండబట్టలేక అడిగాను.

"కబురొచ్చిందేటే?" అన్నాడు అన్నయ్య.

ఇప్పుడు చాక్లెట్లు బడ్డీకొట్లో కూడా దొరుకుతున్నాయి. ఏ దేశంలో ఉన్న మనిషైనా నిమిషంలో ఫోన్లో కనబడుతున్నాడు... ఆ రోజుల్లో ఒక్క కబురు కోసం బతుకంతా కూర్చున్నవాళ్ళుండేవారు. మీ ఇళ్ళలో కూడా ఇలా ఎవరి పేరు మీదా పెట్టలేక ఉంచేసిన బట్ట ఏదైనా ఉందా?