ఇసుకలోంచి నూనె వచ్చిన మాట నిజం

ఈ సంగతి నేనే రాయక తప్పదు. లేకపోతే మా ఇర్వింగ్ ఊరి తెలుగువాళ్లలో నేను ఇసుకతో చారు కాచానన్న అబద్ధమే చరిత్రగా మిగిలిపోతుంది. నేను చేసింది చారు కాదు, ప్రయోగం!

ఆ రోజుల్లో నేనూ, మా వరంగల్ అన్నా ఒకే అపార్ట్‌మెంట్‌లో ఉండేవాళ్లం. నన్ను కొత్తగా ఒక ఆయిల్ కంపెనీ ప్రాజెక్టులో వేశారు. మిగతావాళ్లు కోడ్ రాసుకుని ఇంటికి పోతే, నేను లైబ్రరీకి పోయి ఆయిల్ శాండ్స్ తొలిరోజుల గురించి చదివేవాణ్ణి. (కాలేజీలో కంటే ఆ లైబ్రరీలోనే ఎక్కువ నేర్చుకున్నానని ఇప్పటికీ గర్వంగా చెబుతాను.) తారులాంటి నూనె పట్టిన ఇసుకను వేడినీళ్లలో కలియబెడితే ఇసుక అడుక్కి దిగుతుంది, నూనె నురగతో పైకి తేలుతుంది. తొలినాళ్ల కిటుకు అదే. చెబితే అన్న పడీపడీ నవ్వాడు. “ఇసుకల నూనె ఎట్లొస్తది రా? బుక్కులు చదివి దిమాక్ ఖరాబైంది నీకు!”

నాకు ఒళ్లు మండింది. చూపించి తీరాలనుకున్నాను. ఆ శనివారం పిల్లలు ఆడుకునే చోటు నుంచి గ్లాసుడు ఇసుక తెచ్చి కడిగాను. తారు లేదు కాబట్టి ఆవకాయ జాడీ అడుగున మిగిలిన నూనె పట్టించాను. వేడినీళ్లు పోసి, కాస్త వంటసోడా వేసి మరిగించాను. ఎర్రటి నురగ లేచింది! పుస్తకంలోని బొమ్మతో పోల్చుకుందామని గదిలోకి పరిగెత్తాను.

స్టవ్ మీద ఏది కనబడినా అడక్కుండా వడ్డించుకోవచ్చన్నది మా ఇంటి కట్టుబాటు. (పెట్టింది అన్నే.) నేను పుస్తకం పట్టుకుని తిరిగొచ్చేసరికి జిమ్ నుంచి ఆకలితో వచ్చిన ఆయన, గిన్నెను అడుగుదాకా గరిటెతో తిప్పి, అన్నంలో పోసుకుని, కలుపుకుని, నోట్లో పెట్టుకున్నాడు. కరకరమని చప్పుడు.

“ఏం చారు రా ఇది? పప్పు కడగలేదా?”

“చారు కాదన్నా, ప్రయోగం!”

“నా నోట్లనా?”

నా సాక్ష్యమంతా ఆయన పళ్లెంలో కలిసిపోయింది. అప్పటినుంచి, తలా ఒక వంటకం తెచ్చుకుని కలిసి తినే ప్రతి పాట్‌లక్‌లోనూ “ఇసుకచారు వచ్చిండు” అని పిలుపు. అందరూ అన్న పళ్ల గురించే అడుగుతారు. నూనె సంగతి ఒక్కరికీ పట్టదు! ఇదేం న్యాయం?

మొన్న అన్న ఆ కథే మళ్లీ ఎత్తుకుంటే, ఆయన కూతురు మధ్యలో ఆపింది. “వెయిట్ డాడీ. అంకుల్, ఆయిల్ పైకి వచ్చిందా?”

ఇన్నేళ్లకు అడిగారు! “వచ్చింది తల్లీ, వచ్చింది!” అన్నాను.

ఆ చిట్టితల్లికి, పుస్తకం గడువు దాటినా కసురుకోని లైబ్రరీ పెద్దమ్మకి, ఆవకాయ పంపిన మా మేనత్తకి, ఫలితాన్ని నమిలి చూసిన వరంగల్ అన్నకి కృతజ్ఞతలు. పుస్తకం తెరిచి పట్టుకుని వంటింటి గుమ్మంలో నోరు తెరుచుకుని నిలబడిపోయిన ఆ కుర్రాడికి కూడా.