యాక్టివేటర్ వద్దన్న టైపు మేడమ్

కోర్టు ఎదురుగా ఉన్న పాత మేడలో, మెట్ల కింది గదిలో ఆవిడ కూర్చునేది. అందరూ టైపు మేడమ్ అనేవారు. ఇరవై ఏళ్లు టైపు నేర్పించి, ఇన్‌స్టిట్యూట్ మూతపడ్డాక ఒక కంప్యూటరు, ఒక ప్రింటరు పెట్టుకుని అర్జీలు, అఫిడవిట్లు, వీలునామాలు కొట్టిపెట్టేది. కీబోర్డు వైపు చూడకుండా అవతలి మనిషి మొహం చూస్తూ టైపు చేసేది. చెబుతూ చెబుతూ ఎవరికైనా కళ్లనీళ్లు వస్తే వేళ్లు ఆపి, వాళ్లు తేరుకున్నాక మళ్లీ మొదలుపెట్టేది.

ఒక సోమవారం పొద్దున తెర మొత్తం నల్లబడింది. కింద ఒక మూల, సిస్టమ్‌ని యాక్టివేట్ చేసుకోమని మసక అక్షరాలు. ఆ కంప్యూటరు సెకండ్ హ్యాండ్‌ది. దాన్ని నడిపే సిస్టమ్ అసలుదో నకిలీదో ఆవిడ ఎప్పుడూ అడగలేదు.

వీధి చివర రిపేరు షాపు మెకానిక్ వచ్చాడు. ముప్పై ఏళ్లవాడు, పని తెలిసినవాడని పేరు. వస్తూనే కంప్యూటరుకి ఒక పెన్‌డ్రైవ్ తగిలించాడు.

"కంగారు పడకండి మేడమ్, రెండు నిమిషాల పని. యాక్టివేటర్ అని చిన్న టూల్ ఉంది, డబ్బు కట్టకుండానే సిస్టమ్‌ని అసలుదిలా నడిపిస్తుంది. ముందు ఈ యాంటీవైరస్ ఆపాలి."

"అదెందుకు ఆపడం?"

"అది ఉంటే ఈ టూల్‌ని రానివ్వదు. గోల చేస్తుంది."

"ఎందుకు గోల చేస్తుంది?"

"దానికి అనుమానం ఎక్కువ మేడమ్."

"ఇంతకీ ఆ టూల్ ఎవరు రాశారు?"

"ఎవరో. నెట్‌లో దొరుకుతుంది."

"ఆ ఎవరో నాకు ఊరికే ఎందుకు ఇస్తున్నాడు నాయనా?"

మెకానిక్ వందల కంప్యూటర్లకు వేశాడు గానీ, ఈ మాట అతన్ని ఎవరూ అడగలేదు.

ఆవిడ తెర వైపు చూసింది. అందులో ఎవరి విడాకుల కాగితాలో, ఎవరి ఆస్తి పంపకాలో, ఇంట్లోవాళ్లకు కూడా తెలియని సంగతులు ఉన్నాయి. "ఆ పెన్‌డ్రైవ్ తీసెయ్," అంది.

"మరి కొనుక్కోవాలి మేడమ్. లేదంటే ఫ్రీ సిస్టమ్ ఒకటుంది. దాన్ని ఎలా రాశారో, ఆ కోడ్ ఎవరైనా చదువుకోవచ్చు."

"నువ్వు చదివావా?"

"లేదు," అని అతను నవ్వేశాడు. ఆవిడా నవ్వింది.

ఆ సాయంత్రం ఆవిడ లైబ్రరీకి వెళ్లింది. అక్కడి కంప్యూటర్లన్నిట్లో ఆ ఫ్రీ సిస్టమే ఉందని అప్పుడే తెలిసింది. దాన్ని ఎవరు రాస్తారని అడిగితే లైబ్రేరియన్ ఓపిగ్గా చెప్పింది: "జీతానికి రాసేవాళ్లున్నారు, సరదాకి రాసేవాళ్లున్నారండీ. ఒకళ్లు రాసినదాంట్లో తప్పులు ఇంకొకళ్లు పట్టుకుంటుంటారు. ముందు పెన్‌డ్రైవ్ నుంచే నడిపి చూడండి, మీ పాతది ఎక్కడికీ పోదు."

వారం రోజులు ఆవిడ ఇంట్లో అదే ధ్యాస, కనబడినవాళ్లందరికీ దాని గురించే ప్రశ్నలు. బస్సు డ్రైవరుగా రిటైరైన భర్త కంచం ముందు కూర్చుని అన్నాడు: "పెళ్లయిన ఇన్నేళ్లలో నన్ను ఇన్ని ప్రశ్నలు అడగలేదోయ్."

"మీరు జవాబు చెప్పరుగా!"

నచ్చిందనుకున్నాక పాత ఫైళ్లన్నీ వేరే డిస్కులోకి ఎక్కించి, కొత్త సిస్టమ్ వేయించుకుంది. కష్టాలు అప్పుడు మొదలయ్యాయి. ప్రింటరు ఉలకలేదు, పలకలేదు. అది కదిలేసరికి రెండు రోజులు పట్టింది. ఆ తర్వాత ఒక లాయరు అర్జీలో సంతకం గీత ఒక్కటే విడిగా రెండో పేజీలోకి పోయింది.

"మేడమ్, మీ ఫ్రీ సిస్టమ్ నా క్లయింటుని కాగితం దాటించేసింది," అని లాయరు కోర్టు దగ్గర నలుగురిలో ఎగతాళి చేశాడు. ఆవిడ మొహం ఎర్రబడింది. గదికి తిరిగొచ్చి పాత ప్రింటు, కొత్త ప్రింటు కిటికీ అద్దానికి ఒకదానిమీద ఒకటి ఆనించి, వెలుతురులో అక్షరం అక్షరం పోల్చింది. పాత అక్షరాల ఫాంటు ఇందులో లేదు, దాని బదులు వచ్చింది వెంట్రుకవాసి వెడల్పెక్కువ, అందుకే గీత కిందికి జరిగింది. అంతే! సరిపోయే వెడల్పుది వెతికి పెట్టేసరికి గీత తన చోటికి వచ్చింది. పట్టుకున్నందుకు ఎంత సంతోషం కలిగిందంటే, ఆ రెండు కాగితాలూ చూపించడానికి మెకానిక్ షాపుదాకా నడిచింది.

కొన్నాళ్లకు తెలుగు మెనూలో "ముద్రించు" అన్నచోట "ముదించు" అని ఉండటం కంటబడింది. టైపు నేర్పిన చెయ్యి ఊరుకుంటుందా? ఆ సిస్టమ్ వాళ్ల సైటులో, అలవాటు ప్రకారం "ఆర్యా" అని మొదలుపెట్టి, "ఇట్లు, విధేయురాలు" అని ముగించి అర్జీ పెట్టింది. మూడు రోజులకు ఎవరో కృతజ్ఞతలు రాశారు. రెండు నెలలకు వచ్చిన అప్‌డేట్‌లో వత్తు సరిగ్గా చేరింది. ఆవిడ భర్తను పిలిచి చూపించింది. ఆయన కళ్లద్దాలు పెట్టుకుని చాలాసేపు చూశాడు.

అన్నీ ఆ ఫ్రీ సిస్టమ్‌లో కుదరలేదు. ఒక ఆఫీసు వాళ్ల ఫారాలు పాత సిస్టమ్‌లోనే తెరుచుకునేవి. వాటికోసం లైసెన్సు కొని ఇంకో చిన్న కంప్యూటరు పెట్టుకుంది. ఇప్పుడు మెట్ల కింది గదిలో బల్లమీద రెండూ పక్కపక్కన ఉన్నాయి. మెకానిక్ కూడా యాక్టివేటర్ వేయడం పూర్తిగా మానలేదు. కాకపోతే ముందు అదేమిటో చెప్పి, కావాలో వద్దో అడుగుతున్నాడు. వద్దన్నవాళ్లను, ఫ్రీ సిస్టమ్ ఎలా ఉంటుందో చూసి రమ్మని టైపు మేడమ్ దగ్గరికి పంపుతున్నాడు.