తలుపు మూయని పొయ్యి

"మంట కిందుంటే పొయ్యి అంటారు. మంట నెత్తినుంటే ఏమంటారప్పా? నువ్వే చెప్పు."

నేను నోరు తెరిచేలోపే కదిరమ్మ నవ్వేసింది. రాయదుర్గంలో డాక్టరు దొరసాని బంగళా అది. అరవై రెండో సంవత్సరం ఎండాకాలం. ఆ వంటింటి గడప మీద కూర్చుని ఉన్నాం. ఏళ్ల తరబడి అక్కడ వంట ఆమెదే. మా ఊరు గుమ్మఘట్టలో ఉంటున్న, వితంతువైన ఆమె చెల్లెలు చిన్నక్క ఇల్లు గడిచేదీ ఆ పనితోనే.

ఆ నెల మద్రాసు నుంచి కరెంటు పొయ్యి వచ్చింది. చూడటానికి ఇనుప పెట్టె. లోపల కప్పుకు బిగించిన తీగె ఎర్రగా కాగి, కింది పళ్లెంలో ఉన్నదాన్ని పైనుంచి కాలుస్తుంది. అలా కాల్చేటప్పుడు తలుపు కొంచెం తెరిచే ఉంచమని దొరసాని చెప్పింది.

"ఆయమ్మకేం తెలుసులే అనుకున్యా. పుల్ల పుల్ల ఏరుకొచ్చుకునే ఊర్లో పుట్టినదాన్ని. సెగ బయటికి పోతాంటే చూస్తా ఊరకుంటానా? గట్టిగా మూసేసినా. కొంచేపటికి చూస్తే తీగె నల్లగా ఉండాది. కోడి ముక్కలు వాటి నీళ్లలో అవే ఉడికి తెల్లగా తేలినాయి."

పెట్టె మరీ వేడెక్కితే తీగె దానంతటదే ఆరిపోతుందని ఆమెకప్పుడు తెలియదు. బళ్లారి నుంచి వచ్చిన అతిథులు ముక్కల్ని అటూ ఇటూ కదిపి వదిలేశారు. ఈ పొయ్యి తెలిసిన వంటమనిషి బళ్లారిలో ఉన్నాడట, పిలిపిద్దామా అని దొరసాని మెల్లగా అంది.

"తిట్టింటే బాగుండు," అంది కదిరమ్మ.

మర్నాడు మిద్దె మీద వడియాలు పెట్టి వచ్చింది. తోట పని చేసే ఎర్రిస్వామి, కాకులు ముట్టకుండా వాటి మీద గంప బోర్లించాడు.

"'ఏమిరా, గంప కింద యాడన్నా ఎండుతాయా? చెమ్మకు బూజొస్తాదిరా!' అని అరిచినా. అరిచినదాన్ని అట్లే నిలబడిపోయినా. నేను చేసిందీ అదే గదప్పా! ఆ తీగె ఎండ మాదిరి. చెమ్మ బయటికి పోవల్ల. మనం కాపలా ఉండల్ల. తిరగెయ్యల్ల."

ఆ మధ్యాహ్నం కొత్తగా కోసిన కోడి ముక్కలకు తడి తుడిచి, పళ్లేన్ని తీగెకు దగ్గరి అరలో పెట్టి, తలుపు సందులో గరిటె ఇరికించింది. ఎర్రిస్వామి కేకేసినా కదల్లేదు.

"నా వడియాలు ఎండుతాండాయి, పోరా!"

దొరసాని రెండో ముక్క అడిగి పెట్టించుకుంది. బళ్లారి మాట మళ్లీ ఎత్తలేదు.

మా వైపు చేలను మాడ్చే ఎండను తిట్టని నోరు లేదు. ఆ ఎండ చేతే ఆమె కొత్త పొయ్యి సంగతి చెప్పించుకుంది. దాన్నే తలుచుకుంటూ లేచాను.

"గుమ్మఘట్ట బస్సుకే గదా పోతాండావు? బళ్లారి మాట విన్నప్పట్నుంచి చిన్నక్క కూడు ముట్టలేదంట. వంటింట్లో నేనే ఉండానని చెప్పిపోప్పా. ముందు ఆడికి పో, ఆ మింద మీ ఇంటికి."