ఎనభై మూడో పేజీతో సైదాబాద్ ప్రయాణం

మహబూబ్‌నగర్‌లో పొద్దున ఆరుంపావుకు కాచిగూడ ప్యాసింజర్ ఎక్కేటప్పటికి నా సంచిలో ఎనభై మూడో పేజీలు రెండున్నాయి. రెండూ నేను టైపు చేయించినవే. ఒకటి లెక్కలో వచ్చింది, ఇంకొకటి నేను రావాలనుకున్నది. థీసిస్‌లో ఏది ఉంచాలో తేల్చుకోకుండానే బండెక్కాను.

అవి డెబ్బైలు మొదలైన రోజులు. ఒక కాలేజీలో భౌతికశాస్త్రం చెప్పే తాత్కాలిక లెక్చరర్‌ని నేను. నెలాఖరులోగా థీసిస్ దాఖలు చేస్తే ఉద్యోగం ఖాయం చేస్తామని ప్రిన్సిపాల్ మాటిచ్చారు. దానికి మా గైడ్ సరళాదేవి గారి సంతకం కావాలి. ఆమె ఉండేది సైదాబాద్‌లో. ఆ మధ్యాహ్నమే బండెక్కి నాగ్‌పూర్‌లో అక్కగారింటికి వెళ్తున్నారు, మళ్లీ వచ్చేది రెండు నెలలకు. "పదకొండులోపు వస్తే చదివి సంతకం పెడతాను" అని కార్డు రాశారు.

నా పని స్కేలు సౌష్ఠవం మీద. అద్దంలో చూసినా బొమ్మ మారకపోతే అదొక సౌష్ఠవం. అలాగే కొలతలన్నిటినీ ఒక్కసారే పెంచినా తగ్గించినా సూత్రం మారకపోతే అది స్కేలు సౌష్ఠవం. నేను పట్టుకున్న సమీకరణానికి కాగితం మీద ఆ గుణం ఉంది. అంగుళమా, అంగుళంలో కోటోవంతా అని అది అడగదు. కాని దాన్నుంచి ఒక అంకె రాబట్టాలంటే అంతులేని మొత్తాలు కూడాలి. ఇంతకన్నా చిన్న దూరాల జోలికి పోనని ఎక్కడో ఒక గీత గీసుకోవాలి. లెక్క పూర్తయ్యాక ఆ గీతను చెరిపేస్తే దాని జాడ ఉండకూడదు. నాకు మాత్రం ఆ గీత జాడగా ఒక లాగరిథమ్ పదం మిగిలిపోయింది. మొదటి నుంచి మూడుసార్లు చేశాను, మూడుసార్లూ మిగిలింది. ఎక్కడో తప్పు చేసే ఉంటాననుకుని, "ఈ పదాన్ని వదిలివేయవచ్చు" అని ఒక్క వాక్యం రాసి శుభ్రమైన పేజీ ఇంకొకటి కొట్టించాను.

బండి మీటర్ గేజ్ మీద ఊగుతూ పోతోంది. జడ్చర్ల దాటేలోపే ఆ రెండు పేజీలూ నాలుగైదుసార్లు బయటికి తీసి లోపల పెట్టాను. షాద్‌నగర్‌లో ఎనిమిది గంటలకు ఖాకీ ప్యాంటు వేసుకున్న ఒక యాభై ఏళ్ల మనిషి ఎక్కి నా ఎదురుగా కూర్చున్నాడు. చేతిలో గుడ్డ చుట్టిన పొడుగాటి స్కేలు ఉంది. కాసేపు నన్నే చూశాడు.

"ఏంది సారూ, గంత పరేషాన్‌గున్నరు? కాగితాలేమన్న పోయినయా?"

"పోలేదు. ఎక్కువున్నాయి" అన్నాను.

అతని పేరు యేసురత్నం. ఇల్లు ఫలక్‌నుమా పక్క జహనుమాలో. ఒక సర్కారు ఫ్యాక్టరీలో కొయ్య అచ్చులు చేసే పని. అంటే లోహంతో పోత పోయాల్సిన వస్తువును ముందు కొయ్యతో చెక్కి ఇవ్వాలి. దాన్ని ఇసుకలో అదిమి, ఆ గుంటలో లోహం పోస్తారు. సెలవుల్లో ఫలక్‌నుమాలో కరీం భాయ్ అనే ఆయన పోత కార్ఖానాకు కూడా అచ్చులు చేసిపెడతాడు. వాళ్ల అత్తగారి ఊరు షాద్‌నగర్. అక్కడి చర్చి గంటకు రెండింతలు పెద్ద గంట కావాలని పెద్దలు అడిగారట.

"అన్ని కొలతలు రెండింతలు చేసిన. ఒక్క నూలు తేడా రానీయలే. పోసినంక గంట పలిగింది సారూ. అంచుకాడ సన్న గీత. నింపి పాలిష్ కొడ్దమన్నడు కరీం భాయ్. కండ్లకు దొరకదు గని చెవికి దొరుకుతది గద! మళ్ల పోసినం. నిన్న పెద్దల కాడికి పోయి చెప్పొచ్చిన, మొదటిది పలిగిందని."

"చెప్పకపోతే వాళ్లకెలా తెలుస్తుంది?"

"నాకెరికే గద" అన్నాడు, అదేదో చాలా మామూలు సంగతన్నట్టు. నేను కిటికీలోంచి బయటికి చూశాను.

చేతిలోని స్కేలు గురించి అడిగితే గుడ్డ విప్పి నా ఒళ్లో పెట్టాడు. దాని మీద పన్నెండు అంగుళాలున్నాయి, కాని ప్రతి అంగుళమూ మామూలు అంగుళం కన్నా కొంచెం పొడుగు. చల్లారినప్పుడు కంచు గుంజుకుపోయి కురచవుతుందట. ఎంత గుంజుకుపోతుందో అంత స్కేలులోనే ముందుగా కలిపి ఉంటుంది. ఇనుముకు వేరే స్కేలు, ఇత్తడికి వేరే స్కేలు. నేను దాన్ని చాలాసేపు తిప్పి తిప్పి చూశాను.

తొమ్మిదింపావుకు ఫలక్‌నుమా వచ్చింది. ముందు లైను ఖాళీ లేదని బండి నిలిచిపోయింది. యేసురత్నం దిగిపోయాడు. పది నిమిషాలైనా బండి కదల్లేదు. పదకొండు దాటిపోతుందేమోనన్న భయం మొదలై, సంచి తీసుకుని నేనూ దిగాను. గేటు దగ్గరికి వచ్చానో లేదో ఈల వేసి బండి వెళ్లిపోయింది. సైదాబాద్ వెళ్లేవాళ్లకు నేను చెప్పేదొకటే: టికెట్ మలక్‌పేటకు తీసుకోండి, మలక్‌పేటలోనే దిగండి.

నా ముఖం చూసి యేసురత్నం వెనక్కొచ్చాడు. "ఫికర్ జేయకుండ్రి. మా కార్ఖానా కాడ రిక్షా ఉంటది. బడి పిల్లలను దింపి పది దాటంగనే వస్తడు. నేను చెప్త."

స్టేషన్ బయట చిన్న హోటల్లో ఖిచ్డీ, చింతపండు పులుసులాంటి ఖట్టా తిన్నాం. తిన్నాం అనడమే గాని నేను సగం వదిలేశాను. గడియారం తొమ్మిదీ నలభై చూపిస్తోంది. అక్కడి నుంచి సందుల్లో పడి నడిచాం. ఒక వాకిట్లో తాళాలు చేస్తున్నారు, పక్క వాకిట్లో ట్రంకు పెట్టెలకు రంగులేస్తున్నారు. కరీం భాయ్ కార్ఖానా ఒక రేకుల షెడ్డు. నేలంతా నల్ల ఇసుక. మధ్యలో నడుమెత్తు ఇనప పెట్టె. గంట దానిలోనే ఉంది.

గడ్డానికి గోరింటాకు రంగేసుకున్న కరీం భాయ్ సుత్తి పట్టుకుని సిద్ధంగా ఉన్నాడు. "ఆవో రత్నం, ఖోల్ దేతే! తెరుద్దం!"

"ఆగు భాయ్, సాయంత్రం దాక ఆగు. మొన్న గిట్లనే తొందరపడ్డం."

"మొన్న పన్నెండు గంటలకే తెరిచినం. ఇప్పుడు ఎన్ని గంటలాయె! ఈ పెట్టె ఖాళీ గాకుంటె నాకు వేరే పని ఎట్ల నడుస్తది?"

ఇద్దరికీ లొల్లి పెరిగేటట్టుంది. ఇందులో సగం కొలత గంటను పోస్తే ఎంతసేపు ఇసుకలో ఉంచేవారని ఊరికే అడిగాను. ఆరు గంటలని చెప్పాడు యేసురత్నం. పెద్దది రెండింతలు గనుక రెండింతల టైం చాలుననుకుని మొదటిసారి పన్నెండు గంటలకే తీశారు. లోపల ఇంకా మండుతున్న కంచుకు బయటి గాలి తగిలి పగిలింది.

"రెండింతలు కాదు, నాలుగింతలు" అన్నాను. గంట రెండింతలైతే లోపలి వేడి ఎనిమిదింతలు. ఆ వేడి బయటికి పోవడానికి దొరికే ఉపరితలం నాలుగింతలే. పైగా వేడి నడవాల్సిన దూరం కూడా రెండింతలవుతుంది. ఇసుక మీద వేలితో గీసి చూపించాను. "ఆరు నాలుగులు ఇరవై నాలుగు గంటలు. ఎప్పుడు పోశారు?"

"నిన్న పొద్దుగాల ఎనిమిదింటికి."

"అయితే ఇరవై ఆరు గంటలు కావస్తోంది."

యేసురత్నం నా కళ్లలోకి చూశాడు. "తెరుస్తమా సారూ? మీరు చెప్పుండ్రి. ఇది గూడ పలిగితే నేను షాద్‌నగర్ మొకం చూడలేను."

క్లాసులో ఈ లెక్క ఎన్నిసార్లు చెప్పానో. ఇసుక మీది గీతలు మళ్లీ ఒకసారి సరిచూసుకున్నాను. "తెరవండి" అన్నాను.

కరీం భాయ్ పెట్టె బిగింపులు కొట్టాడు. ఇసుక కూలింది. నల్లగా, ముద్దగా, ఏ ఆకారమూ తెలియకుండా గంట బయటపడింది. యేసురత్నం మోకాళ్ల మీద కూర్చుని అంచు చుట్టూ బొటనవేలు నెమ్మదిగా పోనిచ్చాడు. పూర్తిగా ఒక చుట్టు. ఇంకో చుట్టు. గొలుసు వేసి దూలానికి కట్టారు. అతను కొయ్య సుత్తితో ఒక్కటి కొట్టాడు.

ఆ ధ్వని చెవులకన్నా ముందు అరికాళ్లకు తెలిసింది. పక్క వాకిట్లో రంగులేస్తున్నవాళ్లు కూడా తొంగి చూశారు. చర్చిలో పాటలు పాడే యేసురత్నం కళ్లు మూసుకుని గొంతు కలిపాడు. "పాత గంట సా పలుకుతుండె. ఇది కింది సా. గదే స్వరం సారూ, గదే!" అని నా రెండు చేతులూ పట్టుకున్నాడు. కరీం భాయ్ "మాషా అల్లా" అని మళ్లీ మళ్లీ కొట్టించుకుని విన్నాడు.

రిక్షా వచ్చింది. పదీ ఇరవైకి ఎక్కాను. సైదాబాద్ దాకా గంట మోత ఒంట్లోనే ఉంది. అయినా మనసు ఒకచోట నిలవలేదు. ముక్కూ మొహం తెలియని మనిషి గంట పగులుతుందా లేదా అన్నప్పుడు నా లెక్కను నమ్మి తెరవమన్నాను. మూడుసార్లు ఒకే జవాబిచ్చిన నా సొంత లెక్కను మాత్రం నమ్మలేదు. ఎత్తు రోడ్డు మీద రిక్షా నెమ్మదించినప్పుడల్లా దిగి తోశాను. కూర్చోవడం చేతకాలేదు.

పదకొండుకు అయిదు నిమిషాలుండగా సరళాదేవి గారి గుమ్మంలో ఉన్నాను. హాల్లో తాళ్లతో కట్టిన పక్కబట్టల హోల్డాలు, ట్రంకు పెట్టె. ఆమె కళ్లజోడు తుడుచుకుని థీసిస్ తీసుకున్నారు. అందులో ఇంకా శుభ్రమైన పేజీయే ఉంది. డెబ్బయ్యో పేజీ దాకా గబగబా తిప్పి, అక్కడి నుంచి వేగం తగ్గించారు. ఎనభై రెండు తిప్పబోతుండగా లేచి నిల్చున్నాను.

"మేడమ్, తర్వాతి పేజీ నిజం కాదు. నిజం ఇది" అని సంచిలోంచి రెండో కాగితం తీసి ఇచ్చాను.

రెండూ పక్కపక్కన పెట్టుకుని చదివారు. "ఎందుకు తీసేసినవు?"

"అందంగా లేదు. సౌష్ఠవం చెడిపోతోంది. నేనే ఎక్కడో తప్పు చేశాననుకున్నాను."

ఆమె ట్రంకు పెట్టె తాళం తీసి, మడిచిన చీరల కింది నుంచి ఒక విదేశీ పత్రిక పైకి లాగారు. ఓడలో నెలల తరబడి ప్రయాణం చేసి మొన్ననే చేరిందట. బండిలో చదువుకోవడానికి పెట్టుకున్నారు. అందులో ఒక వ్యాసం తీసి నా ముందుంచారు. నాలుగో పేజీలో నా లాగరిథమ్ ఉంది. అక్షరాలు వేరు, పదం అదే. అది తప్పు కాదని ఆ వ్యాసం చెబుతోంది. సమీకరణానికి ఉన్న స్కేలు సౌష్ఠవం కొలతలో నిలవదు. కొలవడానికి గీసుకున్న గీతను ఎంత చెరిపినా కొలత జాడ మిగిలే ఉంటుంది. అందుకే రెండు కణాల మధ్య పని చేసే బలం ఎంతో చెప్పాలంటే ఎంత దగ్గరి నుంచి చూస్తున్నామో కూడా చెప్పాలి.

సంతోషమో దుఃఖమో తెలియలేదు. ఆ పేజీనే మళ్లీ చదివాను. "అంటే నేను చెప్పాల్సింది ఇంకొకరు చెప్పేశారు."

"చెప్పిన్రు. నీ అంతట నువ్వు గూడ అక్కడిదాక పోయినవు, దానికి నేను సాక్షి. కాని ఈ థీసిస్ మీద ఇయ్యాల సంతకం పెట్టను. ఎనభై మూడు మారితే దాని తర్వాతి లెక్కంత మారుతది. ఆ శుభ్రమైన పేజీ మీద పెట్టి బండెక్కి, నాగ్‌పూర్ చేరకముందే ఇది చదివి ఉంటే నా గతేంది, నీ గతేంది?"

"నెలాఖరు…"

"తెలుసు. ప్రిన్సిపాల్‌కు ఉత్తరం రాస్త. ఖాయం చేస్తడని చెప్పలేను. ఇప్పుడేం చెయ్యాలనుంది నీకు?"

"ఆ మిగిలినదాని నుంచే మళ్లీ మొదలుపెట్టాలనుంది" అన్నాను. అనేదాకా ఆ సంగతి నాకూ తెలియదు.

ఆమె నవ్వి, పత్రిక నా సంచిలో పెట్టారు. బండిలోకి కట్టుకున్న పులిహోరలో సగం విస్తరాకులో పెట్టి నాకిచ్చారు. ఆ ఉత్తరం పని చేయలేదు. ఉద్యోగం ఖాయం కావడానికి ఇంకో ఏడాదిన్నర పట్టింది.

ఆమెను టాక్సీ ఎక్కించి, బస్సులో మలక్‌పేట చేరి మూడూ అయిదుకు తిరుగు ప్యాసింజర్ ఎక్కాను. కిటికీ పక్కన సీటు దొరికింది. ఫలక్‌నుమాలో ఖాళీ పాల క్యాన్లతో ఒకామె ఎక్కి ఎదురుగా కూర్చుంది. పొద్దున జహనుమాలో పాలు పోసి, సాయంత్రం తిమ్మాపూర్ వెళ్లిపోతుందట. నేను పత్రిక ఒళ్లో పెట్టుకుని కాగితాల మీద రాసుకుంటూ, కొట్టేస్తూ, మళ్లీ రాస్తూ ఉన్నాను. ఉందానగర్ దాటాక ఆమె ఉండబట్టలేక అడిగింది.

"గప్పటి సంది ఏం రాస్తున్నవు సారూ?"

ఎలా చెప్పాలో ఆలోచించాను. "ఒక్కసారే లోకంలో అన్నీ రెండింతలు పెద్దవైపోయాయనుకో. నువ్వు, నేను, ఈ బండి, నీ క్యాన్లు, కొలిచే స్కేలు కూడ. అప్పుడు మనకు తెలుస్తుందా?"

"బర్రె గూడనా?"

"బర్రె కూడ."

"తెల్వకేమాయె! బర్రె లేవదు" అంది వెంటనే.

"ఎందుకు లేవదు? కాళ్లు కూడ రెండింతలు లావవుతాయి కదా?"

"అయితే? గంత పెయ్యిని గా కాళ్లు మోస్తయా? మా మర్ది బర్రెను మస్తు మేపిండు. ఏనుగోలె అయింది. ఒకనాడు కూలవడ్డది, మళ్ల లేవనే లేదు."

నేను కలం ఆపాను. ఎముక బలం నాలుగింతలు, ఒంటి బరువు ఎనిమిదింతలు. పెద్ద చిన్నలతో పనిలేని లోకం కాగితం మీద ఎంత ముచ్చటగా ఉన్నా, మనమున్న లోకం దేని కొలత దానికి పెట్టింది. ఆ రోజంతా నేను తిరిగింది ఆ ఒక్క సంగతి చుట్టూనే. సంతకం లేకుండా ఇంటికి పోతున్నాను. చెయ్యాల్సిన లెక్కలు పొద్దుటికన్నా ఎక్కువున్నాయి. అయినా ఇల్లు చేరేదాకా ఆగలేనంత ఆత్రంగా ఉంది.

"నీ మాట రాసుకోనా అమ్మా?" అన్నాను.

బండి తిమ్మాపూర్‌లో ఆగింది. ఆమె క్యాన్లు రెండు చేతులకూ తగిలించుకుని, మెట్టు మీద నిలబడి పకపకా నవ్వింది.

"రాసుకో సారూ, రాసుకో! గిదేమన్న సదువు ముచ్చటనా? బర్రె ముచ్చట."