ఎండిన కాలువలో టాక్సీ

రేసు ట్రాకు పక్క షెడ్డులో క్లచ్ ప్లేటు మాడిన వాసనొస్తే మా మెకానిక్కులు ముక్కు మూసుకుంటారు. నాకు మాత్రం చల్లపల్లి దగ్గర మా ఊరి కాలువ గుర్తొస్తుంది. ఇరవయ్యేళ్లుగా కార్ల రేసుల్లో ఉన్నాను. నా పేరు మీరు విని ఉండరు. విన్నామంటే నేనూ నమ్మను.

వేసవిలో కాలువలు కట్టేసేవారు. నీళ్లు దిగిపోయి, అడుగంతా నెర్రెలిచ్చి, నత్తగుల్లలు ఎండకు తెల్లబడి, గుర్రపుడెక్క మాగిన వాసనేస్తుంటే, మేం గట్టు మీద కూర్చుని ముంజలూ, ఉప్పూకారం అద్దిన మామిడి ముక్కలూ తినేవాళ్లం. ఆదివారం చర్చి అయ్యాక నాన్న, గేదెలు దిగే రేవు మీదుగా తన టాక్సీని ఆ కాలువలోకి దింపి, పదమూడేళ్ల నా చేతికి స్టీరింగ్ ఇచ్చేవాడు. అడ్డొచ్చే లారీల్లేవు, రెండు పక్కలా గట్లే.

"ఏవండీ, మన కూడు ఆ బండే. దానికి చిన్న గీత పడ్డా ఇక ఈ పిల్లని స్టీరింగ్ ముట్టనివ్వను, చెప్తున్నా!" అని గట్టు మీంచి అమ్మ కేకలేసేది. నాన్న సరేననేవాడు. నేను స్టీరింగ్ ఇంకా గట్టిగా పట్టుకునేదాన్ని.

ఆ యేడు ఓ ఆదివారం, కాలువకు నీళ్లు వదిలారని తెలిసినా, మన దాకా రేపటికి గాని రావని నాన్న లెక్క. లెక్క తప్పింది. నేను హుషారుకొద్దీ నడిమధ్యకు పోనిస్తే, పైన ఎండిన పెచ్చు కింద పచ్చిబురద, చక్రాలు దిగబడిపోయాయి. అంతలో ఎగువ నుంచి "నీళ్లొచ్చేస్తన్నాయ్!" అని అరుపులు. నురగనూ ఎండుటాకులనూ నెట్టుకుంటూ నీళ్లు మెల్లగా పాకుతూ వచ్చాయి. కంగారులో ఎక్సలేటరు తొక్కేశాను, క్లచ్ మాడి కమురు వాసన గుప్పుమంది.

"తొక్కమాకమ్మాయ్, తొక్కేకొద్దీ దిగబడుద్ది!" అంటూ నాన్న పరిగెత్తుకొచ్చాడు.

"నువ్వెక్కు నాన్నా, నావల్ల కాదు," అన్నాను ఏడుస్తూ.

"నేనెక్కితే తోసేదెవరు, నువ్వా? రెండో గేరెయ్యి. కదిలాక మాత్రం ఆగమాక."

అమ్మ తిడుతూనే కొబ్బరి మట్టలు ఈడ్చుకొచ్చి చక్రాల కింద తోసి, కొంగు బిగించి నాన్న పక్కన నిలబడి తొయ్యసాగింది. కారు వణికి, మట్టల మీదికెక్కి, కదిలింది. అద్దంలో నీళ్ల మధ్య వాళ్లిద్దరూ చిన్నగా అయిపోయారు. ఆగాలనిపించింది, ఆగలేదు. రేవెక్కేటప్పుడు రాయి తగిలి బంపరు వంగింది. ఇంజను ఆపి, కిందకు దిగి, నా పని అయిపోయిందనుకుని నిలబడ్డాను.

నాన్నతో రేవెక్కి వచ్చిన అమ్మ కుచ్చిళ్లు పిండుకుంటూ బంపరును చూసింది, నన్ను చూసింది. "కాలవ నిండిపోద్దిగా, ఇక దీనికెక్కడ నేర్పుతారండీ?" అంది నాన్నతో. నా చెవుల్ని నేనే నమ్మలేకపోయాను.

నాన్న కోతలైన పొలాల్లో నేర్పాడు, గన్నవరం వైపు మట్టిరోడ్ల మీద నేర్పాడు. తర్వాత చెన్నై, కోయంబత్తూరు ట్రాకులు. ఒక్క కప్పూ గెలవలేదు. ఏ రేసూ మధ్యలో వదల్లేదు.

ఇప్పుడా రేవు లేదు, గట్లకు కాంక్రీటు పోశారు. టాక్సీ ఎప్పుడో తుక్కుకు పోయింది. నాన్నా లేడు, హెల్మెట్ పెట్టుకునేటప్పుడల్లా ఆ లోటు తెలుస్తుంది. పోయిన నెల అమ్మ మొదటిసారి నా రేసు చూడటానికి వచ్చింది.

"పదకొండో స్థానమమ్మా," అన్నాను తలొంచుకుని.

"పదిమందేగా ముందున్నది! పోయి, వచ్చే రేసుకి పేరిచ్చిరా," అంది.